ఏడు సెకన్ల నిద్ర

నలభై రౌటర్లు గోనెసంచిలో వచ్చినాయి.
ఇలియాస్ సాబ్ తూకానికి కొన్నాడు,
ఎస్పీ రోడ్డులో దేనికైనా ముందు తూకమే.
వీటిని అమ్మిన కంపెనీ మూతపడి రెండేళ్లు.
అది వేసిపోయిన తాళం మాత్రం
ఒక్కో డబ్బాలో ఇంకా డ్యూటీ చేస్తానే ఉంది,
తన పేరు చెప్పని తీగను లోపలికి రానీదు.

మెట్ల కింద నా బల్ల.
పైనుంచి ఎవరు దిగినా సోల్డరు చెయ్యి ఆపాల.
ఎనిమిది కాళ్ల చిప్పు, కందిబద్దంత.
దాని నడుము క్లిప్పుతో పట్టి
లోపలిదంతా తోడుకుంటా, రెండుసార్లు.
రెండూ పొల్లు పోకుండా ఒకటైతేనే నమ్మేది.
మనుషుల దగ్గరా ఈ అలవాటు ఉండుంటే
యశవంతపురం చీటీలో పద్దెనిమిది వేలు
నాకు మిగిలుండేవి.

పరుపులో దూది కుక్కినట్టు కుక్కినారు.
నాలుగు మెగాబైట్లు, కుట్టు విప్పితే పదమూడు.
ఏ దేశానివో గడియారాలు,
ఎవరూ తెరవని సహాయం పేజీలు,
సోఫాలో నవ్వే కుటుంబం బొమ్మ ఒకటి,
అడుగున, కరెంటు తగలగానే
ఏది ముందు లేవాలో ఏది తర్వాతో రాసిన స్క్రిప్టు.
నలభై ఏడో వరసలో
పనేమీ లేదు. ఊరికే ఏడు సెకన్లు నిద్ర.
పక్కనే ఇంగ్లీషు అక్షరాల్లో తెలుగు:

ఇది తీయాకు. ఎందుకో నాకూ తెలీదు.
తీస్తే లేవదు. ఓబులేసు.

తీయొద్దు అనలేదు చూడండి, తీయాకు అన్నాడు.
మా పక్కోడే. ధర్మవరమో ముదిగుబ్బో.
ఏ మారతహళ్లి ఆఫీసులోనో,
పొద్దున్నే సరుకు పోవాలని మేనేజరు నెత్తిమీద నిలబడితే
అయిదుతో లేవక, ఆరుతో లేవక,
ఏడు పెట్టంగానే లేచుంటుంది.
క్యాంటీను మూసేసుంటారు అప్పటికి.

ఇంత తెలిసీ తీసేసినా.
నాది దులిపే చెయ్యి.
తాళం ఊడబెరికినా, కంపెనీ పాస్‌వర్డు తుడిచినా,
పనిలో పనిగా ఆ నిద్ర కూడా.
మళ్లా కుక్కి, మూట కుట్టి,
లెక్క సరిచూసే అంకె సరిచేసి ఎక్కించినా.

దీపం రాలేదు.
క్లిప్పు జారిందేమో అనుకొని రెండోది.
డబ్బా చెడిందేమో అనుకొని మూడోది.
టీ తెచ్చిన చెలువ తొంగిచూసి
"ఎద్దిల్వా అక్కా?" అన్నాడు.
లేవలేదా అని వాడి కన్నడం.
పద్నాలుగేళ్లయింది ఈ ఊరికొచ్చి,
ఇప్పటికీ ఆ మాట నా చెవిలో పడేసరికి
ఎద్దు లేదా అని అడిగినట్టే ఉంటుంది.
లేదు నాయనా, ఎద్దూ లేదు బండీ లేదు.

టీ చల్లారింది. నలభై ఏడో వరస
ఉన్నచోట ఉన్నట్టు పెట్టినా,
ఎక్కించి, స్విచ్చి వేసి, ఎంచినా.
ఒకటి, రెండు... ఐదు దగ్గర ఊపిరి పట్టినా.
ఏడు.
పచ్చదీపం, రెప్ప వేసినట్టు.

ఆ ఏడు సెకన్లలో లోపల ఏది
దేనికోసం కాచుకొని ఉంటుందో
గుచ్చి గుచ్చి చూసినా, దొరకలేదు.
సాబ్‌కు చెబితే
"దీపం వచ్చింది కదా, బిల్లు రాయి" అన్నాడు.

ముప్పై తొమ్మిది లేచినాయి.
ఒకదాని కాలు విరిచింది నేనే, నాలుగోరోజు,
నిద్రమత్తులో.
అన్నీ యలహంకలో ఆడపిల్లల హాస్టలుకు పోతాయి.
ఎవరూ విప్పి చూడరు,
మళ్లా ఏ సంచిలోనో తూకానికి వచ్చేదాకా.

ఒక్క వరస ఎక్కించాలన్నా సందు లేదు,
చిప్పు అంచుదాకా నిండింది.
సోఫాలో నవ్వే కుటుంబాన్ని ఎత్తి బయట పెట్టినా.
వచ్చిన జాగాలో, ఓబులేసు కింద,
నేనూ ఇంగ్లీషు అక్షరాల్లోనే:

తీసి చూసినా. నిజమే, లేవదు.
కుళ్లాయమ్మ, కదిరి. మెట్ల కింద బల్ల.